రెండు పక్కలా సమానం

రోడ్డు కొలవడానికి వచ్చిన సర్వే మనిషి ఎదురింట్లో భోంచేస్తూ సీతమ్మ కంటబడ్డాడు.

మధ్యలో రోడ్డే అడ్డం. తలుపులు తీసుంటే ఎవరి కంచంలో ఏముందో కనబడుతుంది.

"చూశావా, కోడి పలావు" అంది భర్తతో.

యల్లమంద కారం మర బెల్టు బిగిస్తున్నాడు. "తింటే తిననీయే. సాయిబుల పిల్లోడు, సాయిబులింట్లో తింటాడు. ఊళ్లో హోటలు కూడా లేదాయె."

"రోజూ తినాలా? నిన్నా తిన్నాడు. ఊరికే పెడతదా అన్నం?"

"నువ్వు కూడా పెట్టు. ఎవురొద్దన్నారు?"

సీతమ్మ మూతి తిప్పుకుంది.

క్రోసూరు దాటాక వచ్చే ఆ ఊరి మీదుగా పోయే జిల్లా రోడ్డును రాష్ట్ర రహదారి చేస్తున్నారు. కొత్త నంబరు వస్తుందని, కిలోమీటరు రాళ్ల నెత్తికి ఆకుపచ్చ రంగు వేస్తారని ఊళ్లో మగవాళ్లు సంబరపడ్డారు. సీతమ్మ చెవికి మాత్రం వెడల్పు అన్న మాట ఒక్కటే ఎక్కింది.

వాళ్ల ఇల్లు రోడ్డుకు ఆనుకునే ఉంది. ముందు గదిలో కారం మర. ఇంటి తిండీ, కూతురు దేవిక నర్సింగు చదువూ ఆ మర మీదే. రోడ్డు ఆ గదిలోకి వస్తే మర పోతుంది, పిల్ల చదువు ఆగుతుంది, ఆ దిగులుతో ఈయన మంచం పడతాడు. తర్వాతది తలుచుకోలేక సీతమ్మ దేవుడి పటం ముందు నిలబడేది.

ఎదురింటి రషీదాకేం భయం? మొగుడు మౌలాలీ మెకానిక్కు. పిడుగురాళ్ల నుంచి వచ్చి మూడేళ్లయినా కాలేదు, అప్పుడే పొడుగాటి వరండా వేసుకున్నారు. దాని ముందు ఇంత ఖాళీ స్థలం. రోడ్డు పెద్దదైతే అక్కడ షాపు గదులు లేస్తాయి, బాడుగలు వస్తాయి. ఆ వరండా చూస్తే సీతమ్మకు కళ్లు మండేవి. రషీదా నవ్వుతూ "అక్కా" అని పిలిస్తే ఇంకా మండేవి.

మర్నాడు ఆ సర్వే మనిషి టేపు పట్టుకుని మర గుమ్మం దగ్గరికి వచ్చాడు.

"అమ్మా, లోపలి గోడ ఎంత దూరముందో చూడొచ్చా?"

"అప్పుడే కూల్చేస్తారా?"

"లేదమ్మా. ఊరికే చూస్తా."

"ఎదురింట్లో కూడా ఊరికే చూస్తన్నారా, పలావు తింటా?"

అతని ముఖం వాడిపోయింది. తల వంచుకుని కొలిచాడు. వెళ్తూ వెళ్తూ, "గది చానా చిన్నది. మీరేం భయపడొద్దమ్మా" అన్నాడు.

అతను అటు వెళ్లగానే సీతమ్మ గోడకు చేరబడింది.

"విన్నావా? భయపడొద్దంటన్నాడు. ఏదో లేకపోతే ఆ మాటెందుకంటాడు? గది చిన్నదంట. ఒక్క దెబ్బకే లేచిపోద్దని లెక్కేసుకున్నాడు."

"నీ బుర్రలోకి మంచి మాట ఒక్కటన్నా పోదేందే?" అన్నాడు యల్లమంద.

ఆ సాయంత్రం నుంచి రషీదా పలకరించడం మానేసింది. కళ్లు ఉబ్బి ఉన్నాయి. సీతమ్మ అదీ చూసింది. తప్పు చేసినవాళ్లకు ఎదుటివాళ్ల మొహం చూడబుద్ధి కాదని అనుకుంది.

సోమవారం పొద్దున్నే బస్సెక్కి నరసరావుపేట వెళ్లింది. కలెక్టరాఫీసులో అర్జీల వరసలో నిలబడి కాగితం ఇచ్చింది. ఒక ఇంట్లో తిని కొలిచే మనిషి మాకు వద్దు, రోడ్డు మధ్య నుంచి రెండు పక్కలా సమానంగా కొలవాలి. అంతే రాయించింది.

అర్జీ పనిచేసింది. ఆ మనిషి మళ్లీ రాలేదు. సీతమ్మ ఆ వారమంతా ఎదురింటి వైపు తలెత్తుకుని చూసింది.

తర్వాత ఇంకో సర్వే ఆయన వచ్చాడు. ఎవరింట్లోనూ మంచినీళ్లు కూడా తాగలేదు. రోడ్డు మధ్య నుంచి టేపు లాగి, నేరుగా మర గదిలోకి వచ్చి, లోపలి గోడ మీద ఎర్ర రంగుతో గీత వేశాడు.

సీతమ్మ గీతకు అడ్డం వెళ్లింది.

"అదేంది సార్, నా మర దాటి గీస్తన్నారు?"

"అటెంతో ఇటంతే. మీరు అడిగిందేగా."

"అటు ఏం పోద్ది?"

"ఖాళీ స్థలం కొంచెం. వరండా నిలబడుద్ది."

"మరి ముందాయన ఎట్టా గీశాడు?"

"ఆయన మీ పక్క ముట్టుకోలేదమ్మా. ఇటు బతుకుతెరువు పోతదని రాసి, వెడల్పంతా అటే చూపించాడు. స్థలమూ వరండా మొత్తం ఆవిడవే పోయేవి."

సీతమ్మ చేతులు జోడించింది. "అదే పెట్టండి సార్. ఆ గీతే ఉంచండి."

"ఇంకెట్టా కుదురుద్ది? తిని గీశాడని రాయించింది మీరేగా. ఆయన మీద విచారణ నడుస్తంది."

సీతమ్మ చెప్పులు కూడా వేసుకోకుండా రోడ్డు దాటింది. రషీదా వరండాలో బియ్యం ఏరుతోంది.

"ఏమే, నీ వరండా పోతదని నీకు ముందే తెలుసా?"

"తెలుసక్కా."

"తెలిసీ అతనికి అన్నం పెట్టావా?"

"ఏం చెయ్యను? ఏడ్చా, తిట్టా. వినలేదు. మనకి నీడ పోద్ది, వాళ్లకి కూడు పోద్ది, ఏది పెద్దది అన్నాడు. మా ఆయన కూడా సరేనన్నాక నేనేమంటా? ఒప్పుకున్నా."

"మీ ఆయనా?"

"మౌలాలీనక్కా. మా ఆయనే."

"మరి నాతో ఒక్క మాట చెప్పకపోయావా?"

"చెప్పొద్దన్నాడు. మేమెవరిమో తెలిస్తే తన కొలతను ఎవరూ నమ్మరని."

"ఎవరే అతను మీకు?"

రషీదా చేటలోంచి తలెత్తలేదు.

"నా తోడబుట్టినోడక్కా."