నలభయ్యో నాటి మీఠా

"అంచులు పారెయ్యకే, గిన్నెల వెయ్. నెయ్యిల వేగితే వాటంత రుచి ఇంకోటి ఉండది" అని జమాలున్నీసా మేనకోడలి చేతిలకెళ్లి కత్తి తీసుకున్నది.

సాబేరాకు తొమ్మిదేండ్లు, దాని తమ్ముడు గౌస్‌కు ఆరు. బడి విడవంగనే ఇద్దరూ ఇంటికి పోకుండ, ఆదిలాబాద్ జిన్నింగు మిల్లు ఎనుక సందుల ఉన్న ఫుప్పమ్మ అర్రకు ఉరికొచ్చిండ్రు. వాళ్ల నాయిన ఖయ్యూం జమాలున్నీసాకు సొంత తమ్ముడు. ఆమె గడప తొక్కితే కాళ్లిరగ్గొడతనని పిల్లలకు చెప్పిండు. చెప్తే ఏంది? తీపి వాసనకు పిల్లలను ఆపేటోడు ఇంకా పుట్టలే.

గౌస్ డబల్ రొట్టె ముక్కలను చక్కెర పాలల్ల ముంచి ఇస్తుంటే, సాబేరా పెనం మీద పరుస్తున్నది. ముక్కలు రాయి లెక్క ఉన్నయి, ఎంత ముంచినా నానుతలేవు. అబ్బా బట్టీల రొట్టె ఇప్పుడు గిట్లనే వస్తున్నదనీ, హోటలోళ్లు వాపస్ పంపుతుండ్రనీ పిల్ల కండ్లు పెద్దగ చేసి చెప్పింది. జమాలున్నీసాకు కడుపుల చల్లగయ్యింది. పైకి మాత్రం, ముక్క మాడుతున్నది తిప్పమన్నది.

ఆ బట్టీ వాళ్ల తండ్రిది. మొగడు పోయి పుట్టింటికి వచ్చిన కాడికెళ్లి ఇరవై ఏండ్లు అండ్ల పిండి కలిపింది ఆమెనే. పోలీసు యాక్షన్ నాటి గడబిడల గూడ నిప్పు ఆరనియ్యలే. అసొంటిది, తండ్రి కాలం చేసిన మూడో నాడు, వచ్చిన పదిమంది ముంగట ఖయ్యూం బట్టీ తలుపుకు తాళమేసిండు. "నాకు అక్క లేదు. అబ్బాతోనే పోయింది" అన్నడు. బతికున్న మనిషిని నిలవెట్టి సంపిండు, పాపాత్ముడు. ఆమె ఏడ్వలే. బట్టల మూట సంకకెత్తుకొని, "నా చేతి ముక్కతోనే నీకు జవాబిస్త, యాదుంచుకో" అన్నది.

ఆ మాట విన్నప్పటి నుంచి పక్కింటి పోశవ్వకు ఒకటే భయం. బర్రె పాలు ఇద్దామని వచ్చి, పొయ్యి కాడ పిల్లలను చూసింది. జమాలున్నీసాను పక్కకు గుంజింది.

"పసిపోరలు అక్కా. నీ పగ వాళ్ల నాయిన మీద గద. వీళ్ల నోట్ల ఏమన్న పెట్టేవు."

"ఫాతిహా కాందే ఎవ్వరం ముట్టం. అయినంక ముందుగాల నేనే తింట. నువ్వు ఈడనే ఉండి సూడు" అన్నది జమాలున్నీసా.

పోయినోళ్ల పేరు మీద చదివే ఫాతిహా మాట చెవులబడి సాబేరా ఇటు తిరిగింది. దాదా చాలీస్ మొన్ననే అయిపాయె గద, అబ్బా పెద్ద పెద్ద దేగులు పెట్టి నలభయ్యో దినం ఊరందరికి పెట్టిండు గద అని అడిగింది.

"మీ అబ్బా లెక్క మీ అబ్బాది. నా లెక్కకు నలభై ఇయ్యాలనే."

ఆ అన్నదానంల ఆమెకు పిలుపు లేదు.

అనుకున్న యాళ్లకు ఫకీరు వచ్చిండు. నాందేడ్ దిక్కు మనిషి, ఊరికి కొత్త. ఎర్రగ కాలిన ముక్కలను పళ్లెంల పేర్చి ఆయన ముంగట పెట్టిండ్రు. నిప్పుల మీద లోబాన్ వెయ్యంగనే అర్రంత పొగ కమ్మింది, పిల్లలు ఖల్లు ఖల్లున దగ్గిండ్రు. ఎవరి పేరు మీద చదవాల్నని ఫకీరు అడిగిండు. జమాలున్నీసా కొంగు నోటికి అడ్డం పెట్టుకొని, ఆయన చెవు కాడికి వంగి చెప్పింది. ఆయన కండ్లు మూసుకొని నిదానంగ చదివి, తన వంతు ముక్క జోలెల వేసుకొని పోయిండు.

అన్న మాట ప్రకారం ఆమెనే ముందుగాల తిన్నది. తర్వాత పిల్లలు తిన్నరు, వేళ్లు నాకిండ్రు, మళ్ల అడిగిండ్రు. గౌస్ ఎగురుతుంటే చూసి పోశవ్వకు పాణం కుదుటపడ్డది. ఉత్తగనే పాపపు మాట అన్నానని లెంపలేసుకున్నది.

నాలుగు పెద్ద ముక్కలు పళ్లెంల పెట్టి, "మీ అబ్బాకు ఇయ్యి. నేను పంపిన్నని చెప్పు" అని జమాలున్నీసా సాబేరాను పంపింది.

జర సేపటికి ఖయ్యూమే వచ్చిండు. పళ్లెం చేతుల ఉన్నది. ఒక్క ముక్క గూడ ముట్టలే.

"ఏం కలిపినవ్ దీంట్ల?"

"నెయ్యి, పాలు, చక్కెర. రొట్టె నీ బట్టీదే."

ఆమె ఒక ముక్క విరిచి సగం తన నోట్ల వేసుకొని, సగం వానికి ఇచ్చింది. ఖయ్యూం నమిలిండు. నమిలి, గడప మీదనే కూలబడ్డడు. రెండోది తిన్నడు, మూడోది తిన్నడు. కండ్లల్ల నీళ్లు తిరిగినయి.

"ఆపా, నీ చెయ్యి లేక రొట్టె రొట్టె లెక్క లేదు. ఆ నాడు నోరు జారిన. రేపు పొద్దుగాల వచ్చి పిండి కలుపు."

"పోయినోళ్లు మళ్ల వస్తరా తమ్మీ" అన్నది జమాలున్నీసా.

తండ్రిని తలుసుకుంటున్నదనుకొని ఖయ్యూం తల ఊపిండు. అబ్బాకు ఇంకోపారి ఫాతిహా ఇప్పించినవట, మంచి పని చేసినవని మెచ్చుకున్నడు గూడ. గోడ కాడ నిలవడ్డ పోశవ్వ, అక్కదమ్ముల పంచాది తీరిపాయెనని కొంగుతోని ముక్కు తుడుచుకున్నది.

"మిగిలింది గూడ తిను. నీకోసమే చేసిన" అన్నది జమాలున్నీసా.

వాడు ఆఖరి ముక్క తిని, పళ్లెం వేలితోని తుడిచి నాకేదాక ఆమె కండ్లార్పకుండ చూసింది. అప్పుడు లేచి, లోబాన్ నిప్పుల మీద చెంబెడు నీళ్లు పోసింది.

ఆ పొగల ఫకీరు చెవుల ఆమె చెప్పిన పేరు ఖయ్యూం.