చివరి బుడగ

మా ఆవిడకు పిచ్చి వెబ్‌సైట్లంటే ప్రాణం. నొక్కితే ఆవులించే పిల్లి, గీకితే తుమ్మే చందమామ. అన్నిటికన్నా ఇష్టం బుడగల పేజీ. వేలు పెడితే ఒక్కో బుడగా టప్పుమని పగిలేది. ఆఖరిది పగలగానే పేజీ మూసుకుపోయేది. అన్నీ తనే పగలగొట్టి, పైమూలన ఒక్కటి మాత్రం నాకు వదిలేది.

"ఇది మీ వాటా. మళ్లీ పెట్టలేదంటారు!"

ఆమె పోయిన ఏడాదికి, నిద్రపట్టని ఒక రాత్రి, ఫోనులో ఆ పేజీ తెరిచాను. టప్, టప్ అని వినబడగానే పక్కగదిలోంచి అమ్మాయి కేకేసింది.

"అమ్మ పిచ్చి నీకూ అంటిందా నాన్నా? ఇక పడుకో!"

"ఐదు నిమిషాలమ్మా," అన్నాను. అలా కసరడానికైనా ఒక మనిషి ఉంది, అదే పదివేలు.

కానీ నేనింకా ఒక్క బుడగనూ ముట్టుకోలేదు.

అవి వాటంతటవే పగులుతున్నాయి. ఆమెకు అలవాటైనట్టే, కింది వరుస నుంచి పైకి, తీరిగ్గా. చివరికి పైమూలన ఒక్కటి మిగిలింది. చప్పుడు ఆగింది.

నా వాటా.

వేలు చాపి, వెనక్కి తీసుకున్నాను. అది పగిలితే పేజీ మూసుకుపోతుంది. చాలాసేపు ఇద్దరం అలాగే ఉండిపోయాం.

అప్పుడు ఆ బుడగ, నేను తాకకుండానే, మెల్లగా లోపలికి నొక్కుకుపోవడం మొదలుపెట్టింది.