సిగ్నల్ అందే గుమ్మం

తలుపు గొళ్లేనికి మళ్లీ మునగాకు కట్ట వేలాడుతోంది.

భువనేశ్వరి మురిసిపోయింది. ఎదురింటి కళైసెల్వి పనే అయివుంటుంది. పైకి ఉలుకూ పలుకూ లేదు గానీ ఎంత మంచి మనసో!

పెళ్లయి ఉడుమలైపేట తెలుగు వీధి నుంచి, చుట్టూ తమిళమే వినబడే ఈ తుడియలూరు అపార్టుమెంటుకు వచ్చి ఏడాదయింది. భర్త జగదీష్ పొద్దున్నే పంపుల కంపెనీకి వెళ్తే చీకటిపడ్డాకే రాక. ఆ అంతస్తులో ఎనిమిది తలుపులు, ఎనిమిదీ మూసే ఉంటాయి.

ఇంట్లో సిగ్నల్ అందదు. అందుకని రోజూ పదింటికి గుమ్మంలో నిలబడి అమ్మకు ఫోన్ చేస్తుంది. ఆ అరగంటే ఆమెకు ప్రాణం.

"మన మాట మాట్లాడేదానికి ఈడ ఒక్కరూ లేరమ్మా!"

మెట్లు ఊడ్చే సెల్లాయి సరిగ్గా అప్పుడే వచ్చి, ఆ గుమ్మం ముందే చీపురు ఆడిస్తూ ఉండేది.

"ఈ ముసిల్ది మన వాకిలే అరగంట ఊడుస్తాదమ్మా. కదలనే కదలదు" అని ఆమె ముందే అనేసేది భువనేశ్వరి. తెలుగు కదా, ఆమెకేం తెలుస్తుంది!

తర్వాత తమిళంలోకి మారి, అవ్వను పిలిచినట్టు "పాట్టీ, కొంచెం అటు జరుగు" అనేది.

"సరింగమ్మా" అని సెల్లాయి నవ్వుతూ జరిగేది. ఆ ఒక్క మాటే ఆమె నోట విన్నది.

ఒళ్లు నొప్పులని అమ్మతో అంటే మర్నాడు మునగాకు. నోటికి పుల్లగా కావాలంటే చింతచిగురు. అడక్కుండానే!

ఆ మునగాకు కట్టే ఆఖరిది. పది రోజులుగా మెట్లు దుమ్ముకొట్టుకుపోయాయి. గొళ్లెం కూడా బోసిగానే ఉంది. ఉండబట్టలేక భువనేశ్వరి ఎదురింటి తలుపు తట్టింది.

"నేనా?" కళైసెల్వి తమిళంలో ఆశ్చర్యపోయింది. "ఆకులు కట్టిపోయేది సెల్లాయి పాట్టి కదా!"

మర్నాడు చీపురు పట్టుకుని కొత్త మనిషి వచ్చింది. సెల్లాయి కూతురట, జెబమలర్.

"పాట్టి ఎక్కడ?" తమిళంలోనే అడిగింది భువనేశ్వరి.

"అమ్మ పోయి ఎనిమిది దినాలాయెనమ్మా."

తెలుగు! తన నోటి నుంచి వచ్చిన 'ముసిల్ది' చెవుల్లో మోగింది.

"మీరు... తెలుగా?"

"అమ్మొక్కతే నిండా మాట్లాడేది. నా బిడ్డలకు తమిళమే వస్తాది. ఇంట్లో ఆమెకు బదులు చెప్పేదానికి ఎవురూ లేరు."

"మరి నాతో ఒక్క మాటైనా మాట్లాడలేదే!" అంది భువనేశ్వరి.

జెబమలర్ చీపురు కింద పెట్టింది.

"'నాకు తెలుగొస్తాదని తెలిస్తే ఆ పాప నా ముందర మాట్లాడేది నిలిపేస్తాది, దినానికి అరగంట మన మాట చెవిన పడేది పోతాదే' అని అమ్మ భయపడేదమ్మా."