నాకూ ఉందిలే బాబూ

చర్మవ్యాధుల క్లినిక్‌లో డ్రాయింగు మాస్టారు హెల్మెట్ తియ్యకుండానే కూర్చున్నాడు.

తెలిసినవాళ్ళు చూస్తే పరువు గంగలో కలవదూ!

"ఇక్కడ కుర్చీలు గుద్దుకోవు బాబూ, తీసెయ్," అన్నాడు పక్కనున్న పెద్దాయన. "ఓ పక్కకి ఒరిగి కూర్చున్నావు. హెర్పిసా?"

మాస్టారికి తల కొట్టేసినట్టయింది.

"నాక్కాదండీ! మా స్నేహితుడికి."

"నాకూ ఉందిలే," అన్నాడు పెద్దాయన, నలుగురికీ వినపడేలా. "పూర్తిగా పోదు గానీ, కొంప మునిగే జబ్బేం కాదు. చురచురమనగానే బిళ్ళలు మొదలెడితే పుండ్లు త్వరగా మానతాయి. అవి ఉన్నన్నాళ్ళూ ఇంటావిడకి దూరంగా ఉండమను, మీ స్నేహితుణ్ణి."

ఇంటావిడ మాట వినగానే మాస్టారు హెల్మెట్ అద్దం దించుకున్నాడు. 'ఈ పాపం నీదే' అని మొన్ననే ఆమెని పుట్టింటికి తరిమేశాడు మరి!

"ఇంకోమాట. అది ఏళ్ళ తరబడి ఒంట్లో కిక్కురుమనకుండా దాక్కుని, ఇప్పుడు బయటపడొచ్చు. ఎవరి నుంచి ఎవరికొచ్చిందో తేల్చలేం. ఆవిణ్ణి మాత్రం అనుమానించొద్దను."

అందరూ ఇటే చూస్తున్నారు. మాస్టారి సిగ్గంతా కోపమైంది. విసురుగా కౌంటరు దగ్గరికెళ్ళాడు.

"ఆయన అందరి జబ్బులూ టముకు వేస్తున్నాడు. ముందు బయటికి పంపండి!"

పెద్దాయన గొడుగు అందుకుని లేచాడు.

"నేను పోతాలే. నువ్వు మాత్రం డాక్టర్ని కలవకుండా వెళ్ళకు బాబూ."

లోపల డాక్టరమ్మ పరీక్ష చేసి, మందులు రాసి, పొల్లు పోకుండా ఆ మాటలే చెప్పింది. భార్యని అనుమానించొద్దన్న మాటతో సహా.

మాస్టారికి డాక్టరమ్మ మొహం చూడ్డానికి మొహం చెల్లలేదు. ఇంటావిడకి ఫోను చెయ్యాలి. ఏ నోటితో మాట్లాడతాడు?

"బయట ఓ పెద్దాయన కూడా ఇవే చెప్పాడండీ," అన్నాడు నెమ్మదిగా. "నేనే గెంటించాను. తప్పయిపోయింది. పాపం, ఆయనకి ఈ జబ్బు ఎన్నాళ్ళ నుంచీ?"

డాక్టరమ్మ కలం కింద పెట్టింది.

"ఆయనకి ఏ జబ్బూ లేదండీ. ఆయన కూతురికి ఉండేది. మొగుడు నిందవేసి పుట్టింటికి తరిమేస్తే, బయట ఆ కుర్చీలదాకా వచ్చి, సిగ్గుతో నన్ను కలవకుండానే వెళ్ళిపోయి, ప్రాణం తీసుకుంది."