ఖాళీ గడి

గర్భిణులకిచ్చే సర్కారు సాయం కోసం వచ్చే ఫారాలను మైకులో పైకి చదవడం ఆ గుమాస్తాకు సరదా. ఎవరికి ఎన్నో నెలో, ఎవరి మొగుడు వదిలేసి పోయాడో హాలంతా వినాల్సిందే.

బట్టల కొట్టులో మడతలు పెట్టే అమ్మాయికి ఏడో నెల. పురుడు పోసుకోవడానికి ఆ సాయమే దిక్కు. ఆమె ఫారాన్ని ఇప్పటికి మూడుసార్లు విసిరికొట్టాడు.

"బిడ్డ తండ్రి వివరాలు రాయాల్సిన గడి ఖాళీ! ఎవరో గుర్తులేదు కాబోలు. వెనకున్నవాళ్లకి వినపడుతోందా? అది నింపందే పైసా రాదు."

మూడుసార్లూ క్యూలో నవ్వులు. మూడుసార్లూ ఆమె తల దించుకుని వెళ్లిపోయింది.

నాలుగోసారి తల ఎత్తుకునే వచ్చింది. గడి నిండుగా ఉంది.

"మొత్తానికి దొరికాడన్నమాట మహానుభావుడు!" అంటూ గుమాస్తా మైకు దగ్గరికి లాక్కున్నాడు. అలవాటు కొద్దీ గడగడా చదివేశాడు. "చిరునామా: నీళ్ల ట్యాంకు వెనక వీధి, పచ్చ గేటు ఇల్లు, మేడ మీద గది. పేరు..."

అక్కడున్నది అతని ఒక్కగానొక్క కొడుకు పేరు.

"పచ్చ గేటంటే ఈయనగారి ఇల్లే కదే!" అంది క్యూలో ఒకావిడ.

గుమాస్తా మైకు ఆపబోయాడు. ఆ అమ్మాయి చెయ్యి అడ్డం పెట్టింది.

"ఆగిపోయారేం మామయ్యగారూ? మూడుసార్లు ఆ గడి ఖాళీగా వదిలింది మీ పరువు పోకూడదనే. ఇప్పుడు చదవండి. వెనకున్నవాళ్లకి కూడా వినపడాలి."