ఏడో టేక్

"అమ్మా, తాళం వేసి మెట్లు దిగిపోవడమే. ఆగొద్దు," అని ఫెబా ఏడోసారి చెప్పింది.

గుమ్మం బయట దీవెనమ్మ తాళంకప్పని మళ్లీ కిందికి దించేసింది.

"ఇంత పిల్లని లోపలెట్టి తాళం ఎలాగెయ్యమంటావమ్మా? నావల్ల కాదు."

"సినిమాయే కదమ్మా."

గది లోపల, కిటికీ దగ్గర, పాత గౌనులో కీర్తన నిలబడి ఉంది. తొమ్మిదేళ్ల ఆ పిల్లకి ద్వారకా నగర్‌లో డాన్సు క్లాసు తెలుసు గానీ ఈ కొండవాలు ఇళ్లు తెలియవు. ఈ షార్ట్ ఫిల్మ్‌లో తన పేరు చిన్ని. తల్లి చేపల కంపెనీలో పనికి పోతూ చంటి తమ్ముణ్ని అప్పగించి, పిల్లలు కొండ దిగిపోతారన్న భయంతో రోజూ తాళం వేసి వెళ్తుంది. చిన్నికి బడి లేదు. కిటికీలోంచి ఓడలతో మాట్లాడుతుంది.

"మంచు విడిపోతోంది మేడమ్," అన్నాడు కెమెరా పట్టుకున్న వీరేంద్ర. "ఇదే ఆఖరు టేకు."

ఫెబా లోపలికొచ్చి, గది మూల మోకాళ్లు దగ్గరికి లాక్కుని కూర్చుంది. "యాక్షన్."

"తమ్ముడేడిస్తే పాలు పట్టు. ఎవులు పిలిసినా పలక్కు," అంది దీవెనమ్మ.

"నానూ బడికెల్తానే అమ్మా."

తలుపు మూసుకుంది. తాళం పడింది. చెప్పుల చప్పుడు మెట్లు దిగుతూ సన్నగిల్లింది.

కీర్తన ఊచలు పట్టుకుంది. బయట సముద్రానికీ ఆకాశానికీ మధ్య గీత లేదు. తెల్లటి మంచులో రెండు ఓడలు నీళ్లమీద ఉన్నాయో గాల్లో ఉన్నాయో తెలియలేదు. చూడగా చూడగా ఓడలు కదలక, గదే ఎటో తేలిపోతున్నట్టనిపించింది. ఉయ్యాల్లో బొమ్మ తమ్ముడు నిజంగానే ఊపిరి తీస్తున్నాడేమో అనుకుంది. చెప్పాల్సిన మాట దానంతటదే వచ్చింది.

"ఓడా, మమ్మల్నీ ఎక్కించుకోవా? మేం బరువుండం."

ఇక్కడితో సీను అయిపోవాలి. కానీ బయట తాళం తీసిన చప్పుడైంది.

దీవెనమ్మ ఆయాసపడుతూ వచ్చి కీర్తనని గుండెకి హత్తుకుంది.

"పనీ వద్దు, ఏటీ వద్దు. పద తల్లీ, బడికెల్దాం."

ఏం చెయ్యాలో తెలియక కీర్తన ఆ కొంగులో ముఖం దాచుకుంది.

"ఇది స్క్రిప్టులో లేదు మేడమ్," వీరేంద్ర గుసగుసలాడాడు. "కట్ చెప్పండి."

ఫెబా లేచి, కెమెరాకి అడ్డంగా నడిచొచ్చి, తన కన్నతల్లి దీవెనమ్మ కాళ్ల దగ్గర నేలమీద కూర్చుంది.

"నాకోసం ఒక్కనాడూ ఎనక్కి రానేదమ్మా నువ్వు."