సన్యాసిని పోస్టరు

ఏడొందలేళ్ళ నాటి కథలకు బట్టలిప్పి తీసిన పాత సినిమాలంటే ఇటలీలో వితెర్బో దగ్గరి మా ఊళ్ళో ఎర్మెటేకి ప్రాణం. వాటికో అభిమాన సంఘం పెట్టి తనే అధ్యక్షుడయ్యాడు.

వాటిలో ఒక సినిమాలో తలమీద ముసుగు తప్ప ఒంటిమీద నూలుపోగు లేకుండా వాగులో దిగే సన్యాసిని వెనకభాగం మీద నలభై పేజీల వ్యాసం రాశాడు. ఆ వంపులో స్త్రీ స్వేచ్ఛ కనిపించిందట.

ఆ సీను పోస్టరు వాళ్ళింటి హాల్లో ఉండేది. రొట్టెల బట్టీ నడిపే వాళ్ళ నాన్న బతికున్నన్నాళ్ళూ దాన్ని గోడవైపు తిప్పేసేవాడు.

"ముసలాయనకి కళంటే తెలీదు" అని ఎర్మెటే మా దగ్గర జాలిపడేవాడు.

నిన్న సంఘం సభకి ఆ సన్యాసిని వేషం వేసిన నెరీనా వచ్చింది. డెబ్భై ఆరేళ్ళు. ఎర్మెటే పోస్టరూ పెన్నూ అందించాడు.

"ఇదిగో, ఈ వంపు మీదే సంతకం పెట్టండి మేడమ్."

"నాది కానిదాని మీద నేనెలా పెడతాను నాయనా?" అందామె. "జనవరి చలిలో ఇక్కడి వాగులో దిగనన్నాను. మీ ఊరి రొట్టెల బట్టీ ఆయన ముసుగేసుకుని నా బదులు దిగాడు, పాపం."

మా ఊళ్ళో బట్టీ అప్పుడూ ఇప్పుడూ ఒక్కటే.

ఎర్మెటే పోస్టరు తీసుకుని, జాగ్రత్తగా గోడవైపు తిప్పి పెట్టాడు.